నేనేం నొక్కలేదండీ సార్

మీలో ఎంతమందికి గుర్తుందో గానీ, ఒకప్పుడు పెన్ డ్రైవ్ పెట్టాలంటే ఎడమ చేత్తో షిఫ్ట్ కీ నొక్కి పట్టుకుని కుడి చేత్తో పెట్టేవాళ్ళు. పెట్టాక కూడా మై కంప్యూటర్‌లో ఆ డ్రైవ్ మీద డబుల్ క్లిక్ చేసేవాళ్ళు కాదు. అడ్రస్ బార్‌లో డ్రైవ్ అక్షరం, పక్కన కోలన్ టైపు చేసి ఎంటర్ కొట్టేవాళ్ళు. ఎందుకలా అంటే "వైరస్ రాకుండా" అనేవాళ్ళు. అంతకుమించి అడిగితే చెప్పేవాళ్ళు ఉండేవాళ్ళు కాదు. పిల్లి ఎదురొస్తే ఆగి వెళ్ళడం ఎలాగో ఇదీ అలాగే అనుకునేవాణ్ణి చిన్నప్పుడు :)

కానీ దీనికి మాత్రం కారణం ఉంది. ఆ కారణం పెన్ డ్రైవ్‌లో లేదు. వైరస్ రాసినవాడి బుర్రలో ఉన్నదీ సగమే. మిగతా సగం విండోస్ సిస్టమ్32 ఫోల్డర్లో, సాక్షాత్తూ మైక్రోసాఫ్ట్ సంతకంతో ఉన్న ఫైళ్ళలో ఉంది.

నేను ఒక కంపెనీలో ఎండ్‌పాయింట్ టీమ్‌లో పనిచేస్తాను. కంపెనీలో ఉన్న విండోస్ మెషీన్లలో ఏది ఎప్పుడు తనంతట తాను మొదలవుతోందో కనిపెట్టుకుని ఉండటం, స్థూలంగా అదీ నా ఉద్యోగం. ఆటోరన్స్ అని ఒక టూల్ ఉంది, మార్క్ రసినోవిచ్, బ్రైస్ కాగ్స్‌వెల్ రాసింది (2006లో వాళ్ళ కంపెనీని మైక్రోసాఫ్ట్ కొనేసింది లెండి). మొదటిసారి దాన్ని తెరిచినప్పుడు కళ్ళు తిరిగాయి. మనం అడక్కుండా ఒక ప్రోగ్రాము నడవడానికి విండోస్‌లో ఇన్ని దారులా అని. స్టార్టప్ ఫోల్డరూ, రన్ కీలూ అందరికీ తెలిసినవే. యాప్ఇనిట్ డీఎల్ఎల్స్ అని రిజిస్ట్రీలో ఒకటుంది చూడండి, అది అన్నిటికంటే ఘోరం. అక్కడ ఒక డీఎల్ఎల్ పేరు రాసి పెడితే చాలు, యూజర్32.డీఎల్ఎల్‌ని లోడ్ చేసుకునే ప్రతి ప్రోగ్రాములోకీ, అంటే తెరమీద విండో ఉన్న దాదాపు ప్రతిదాంట్లోకీ, అదీ వచ్చి కూర్చుంటుంది. విండోస్ 8 నుంచి సెక్యూర్ బూట్ ఉంటే దీన్ని ఆపేశారు. సంతోషం.

డీఎల్ఎల్ అంటే ఏమిటో మనవాళ్ళకి చెప్పక్కర్లేదు గానీ ఒక్క ముక్క గుర్తుచేస్తాను, ముందు ముందు అవసరం. డీఎల్ఎల్ తనకి తానుగా నడవదు, వేరే ప్రోగ్రాము దాన్ని లోడ్ చేసుకోవాలి. కానీ లోడ్ చేసుకున్న క్షణంలోనే అందులో ఉన్న డీఎల్ఎల్‌మెయిన్ అనే ఫంక్షన్ నడుస్తుంది. మీరు ఆ డీఎల్ఎల్‌లోంచి ఏ ఫంక్షన్నీ పిలవక్కర్లేదు. లోపలికి రానిచ్చారా, అయిపోయింది. అలా లోపలికి రానిచ్చే పనికోసమే విండోస్‌లో రన్‌డీఎల్ఎల్32 అని ఒక ప్రోగ్రాము ఉంది. ఫలానా డీఎల్ఎల్‌లో ఫలానా ఫంక్షన్ నడిపించు అంటే నడిపిస్తుంది. టాస్క్ మేనేజర్‌లో చూస్తే దాని పేరే కనిపిస్తుంది, లోపల ఎవరు కూర్చున్నారో ఆ పేరులో కనిపించదు.

ఇక అసలు కథ. 1995లో విండోస్ 95 తో పాటు ఆటోరన్ వచ్చింది. సీడీ పెడితే చాలు, దాని రూట్‌లో ఆటోరన్.ఐఎన్ఎఫ్ అనే చిన్న టెక్స్ట్ ఫైలు ఉందేమో విండోస్ చూస్తుంది. అందులో "ఓపెన్" అని రాసి, ఈక్వల్‌టు పక్కన ఏ ప్రోగ్రాము పేరుంటే దాన్ని నడిపిస్తుంది. ఆ రోజుల లెక్కలో ఇది తప్పేం కాదు. సీడీ అంటే ఫ్యాక్టరీలో అచ్చుగుద్దింది. దానిమీద మీరూ నేనూ రాయలేం. కంపెనీ పంపిందే అందులో ఉంటుంది. సెటప్ ఎక్కడుందో వెతుక్కోలేని వాళ్ళకి పని తేలిక. బాగానే ఉంది.

ఆ నమ్మకాన్ని మొదట వాడుకున్నవాళ్ళలో వైరస్ రాసేవాళ్ళే కాదు, పెద్దమనుషులూ ఉన్నారు. మ్యూజిక్ సీడీ కాపీ చెయ్యకుండా అడ్డుపడే సాఫ్ట్‌వేర్‌ని ఈ ఆటోరన్ ద్వారానే మెషీన్‌లోకి ఎక్కించేవాళ్ళు. 2003లో ప్రిన్స్‌టన్ విద్యార్థి అలెక్స్ హాల్డర్‌మన్, సీడీ పెట్టేటప్పుడు షిఫ్ట్ కీ నొక్కి పట్టుకుంటే ఆ రక్షణంతా గాలికి పోతుందని రాశాడు. సన్‌కామ్ అనే ఆ కంపెనీ అతని మీద దావా వేస్తామని బెదిరించి, నలుగురూ నవ్వేసరికి మానుకుంది. షిఫ్ట్ నొక్కినందుకు దావా! 2005లో సోనీ బీఎంజీ సీడీలు ఏకంగా రూట్‌కిట్టే దింపుతున్నాయని పైన చెప్పిన రసినోవిచ్ గారే బయటపెట్టారు.

పెన్ డ్రైవ్ వచ్చాక లెక్క మారిపోయింది. దాన్ని ఎవరైనా రాయచ్చు, ఎక్కడైనా పెట్టచ్చు. ఇక్కడ మన వృత్తివాళ్ళకి మాత్రమే నచ్చే ఒక వివరం చెప్తాను. ఏ రకం డ్రైవ్‌కి ఆటోరన్ ఆపాలో చెప్పడానికి రిజిస్ట్రీలో నోడ్రైవ్‌టైప్‌ఆటోరన్ అని ఒక విలువ ఉంది. ఒక్కో బిట్ ఒక్కో రకం డ్రైవ్‌కి. విండోస్ 2000లో దాని డిఫాల్ట్ హెక్సాలో 95. ఎక్స్‌పీలో 91. తేడా 4. ఆ 4 ఏమిటయ్యా అంటే, తీసి పెట్టగలిగే డ్రైవులు. అంటే విండోస్ 2000 వద్దన్న చోట, ఇళ్ళకీ నెట్ సెంటర్లకీ కాలేజీ ల్యాబులకీ వెళ్ళిన ఎక్స్‌పీ రానిమ్మంది. ఒక్క బిట్.

పెన్ డ్రైవ్ పెట్టగానే ప్రోగ్రాము దానంతటదే నడిచిపోయేది కాదు, ఆ మాట ఒప్పుకోవాలి. ఎస్‌హెచ్ఎస్‌వీసీఎస్.డీఎల్ఎల్ లో ఉన్న సర్వీసు కొత్త డ్రైవ్ వచ్చిందని కనిపెట్టేది, ఏం చెయ్యమంటారని ఒక పెట్టె వచ్చేది. అసలు ప్రమాదం తర్వాతి మెట్టులో. మై కంప్యూటర్‌లో డ్రైవ్ బొమ్మ మీద డబుల్ క్లిక్ చేస్తే ఏం జరగాలో నిర్ణయించేది షెల్32.డీఎల్ఎల్. అది ఆటోరన్.ఐఎన్ఎఫ్ చదివి, అందులో ఏది రాసుంటే అదే డబుల్ క్లిక్‌కి అర్థం అనుకునేది. కుడి క్లిక్ మెనూలో ఓపెన్ అన్న మాటకి అర్థం కూడా ఆ ఫైలు మార్చేయగలదు. మీరు "తలుపు తెరువు" అంటారు. ఆ మాటకి అర్థం ఏమిటో చెప్పేది తలుపు అవతల నిలబడ్డవాడు. షిఫ్ట్ కీ ఇక్కడ మిమ్మల్ని కాపాడదు, దాని పని పెట్టినప్పుడే అయిపోయింది. అందుకే ఆ అడ్రస్ బార్ తంతు.

ఇది నాకు ఎందుకింత పట్టిందో చెప్పాలి. మాది తణుకు. 2008 ఫిబ్రవరిలో మా అక్క బీటెక్ ఫైనలియర్, నేను అయిదో తరగతి. కాలేజీ పేరు అనవసరం. ప్రాజెక్టు రిపోర్టు ప్రింటు తీయించడానికి జిరాక్స్ షాపుకి వెళ్ళి, అక్కణ్ణుంచి కాలేజీ ల్యాబుకి వెళ్ళింది. పెన్ డ్రైవ్ పెట్టింది, డబుల్ క్లిక్ చేసింది. ఏమీ తెరుచుకోలేదు. ఇంకోసారి చేసింది. కాసేపటికి ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ తెరిస్తే పైన టైటిల్ బార్‌లో "హ్యాక్డ్ బై గాడ్జిల్లా" అని వచ్చింది. ఆ రోజుల్లో పెన్ డ్రైవులు వాడినవాళ్ళకి ఈ గాడ్జిల్లా పరిచయమే అయ్యుంటుంది. సాయంత్రానికి ల్యాబులో ఇంకో పది సిస్టమ్‌లలో అదే.

ల్యాబ్ ఇన్‌ఛార్జి గారికి ఆ "హ్యాక్డ్" అన్న మాట చాలు. అక్కని అందరి ముందూ నిలబెట్టారు.

"ఏమ్మా, ఏం డౌన్‌లోడ్ చేశావ్? ఏం నొక్కావ్?"

"నేనేం నొక్కలేదండీ సార్. డ్రైవ్ ఓపెన్ చేశానంతే."

"ఏం నొక్కకపోతే దానంతటదే వచ్చేసిందా?"

దానంతటదే వచ్చింది మరి! ఆయన వెటకారంగా అడిగిన ఆ ప్రశ్నకి అవునన్నదే సరైన జవాబు. కానీ ఆ జవాబు ఆ గదిలో ఎవరికీ తెలీదు, అక్కతో సహా.

అక్క రోల్ నంబరుతో నోటీసు బోర్డు మీద కాగితం, 500 రూపాయల ఫైను, ప్రాజెక్టు అయ్యేదాకా ల్యాబుకి రావద్దన్నారు. ఆమె బ్యాచిలో మిగతా ముగ్గురూ కూడా ముఖం తిప్పుకున్నారు, పని ఆగిపోతుందని. నాన్నని పిలిపించి, మా అమ్మాయి నిర్లక్ష్యం వల్ల కాలేజీ ఆస్తికి నష్టం జరిగింది, ఇకముందు ఇలా జరగదు అని ఒక ఉత్తరం రాయించుకుని సంతకం పెట్టించుకున్నారు. బస్సులో వస్తూ నాన్న ఒక్క మాటే అన్నారట, "చూసుకోవాలి కదమ్మా" అని. అక్క ఇంటికొచ్చి అన్నం తినకుండా పడుకోవడం నాకు గుర్తుంది. ప్రాజెక్టు ఎలాగో పూర్తయింది, పాసయింది. తర్వాత బ్యాంకు పరీక్షలు రాసి అటు వెళ్ళిపోయింది. దానికీ దీనికీ ముడిపెట్టను, బ్యాంకంటే ఆమెకి ముందునుంచీ ఇష్టమే. కానీ కంప్యూటర్ ముందు కూర్చుని ఏదైనా తేడాగా కనిపిస్తే, చేతులు కీబోర్డు మీంచి తీసేసి పక్కవాళ్ళకి చూపించే అలవాటు ఇప్పటికీ పోలేదు. "చూడండి, నేనేం ముట్టుకోలేదు" అన్నట్టు.

ఇంతకీ ఆ గాడ్జిల్లా ఏమిటంటే ఒక పిచ్చి వీబీ స్క్రిప్టు. ఫైలు పేరు ఎంఎస్32డీఎల్ఎల్.డీఎల్ఎల్.వీబీఎస్. పేరు చూశారా? విండోస్ తెలిసిన ఎక్స్‌టెన్షన్‌లని దాచేస్తుంది కాబట్టి చివరి వీబీఎస్ కనిపించదు. ఎంఎస్32డీఎల్ఎల్.డీఎల్ఎల్ అని మాత్రం కనిపిస్తుంది. సిస్టమ్ ఫైలు కాబోలు, ముట్టుకోకూడదు అనుకుంటాం. ఆటోరన్.ఐఎన్ఎఫ్ లో డబ్ల్యూస్క్రిప్ట్‌తో దీన్ని నడపమని రాసుంటుంది. నడిచాక విండోస్ ఫోల్డర్లోకీ, కనిపించిన ప్రతి డ్రైవ్ రూట్‌లోకీ తనని కాపీ చేసుకుంటుంది. యాంటీవైరస్ స్క్రిప్టుని మాత్రం పీకేసి ఐఎన్ఎఫ్ ఫైలుని వదిలేస్తే ఇంకో తలనొప్పి. డ్రైవ్ మీద డబుల్ క్లిక్ చేస్తే స్క్రిప్ట్ ఫైలు దొరకలేదని ఎర్రర్ వస్తుంది, డ్రైవ్ తెరుచుకోదు. పోయినవాడి అప్పు మనం కడుతున్నట్టు.

జనం ఊరుకోలేదు, చిట్కాలు కనిపెట్టారు. పెన్ డ్రైవ్‌లో ఆటోరన్.ఐఎన్ఎఫ్ అనే పేరుతో ఒక ఫోల్డర్ చేసి పెట్టేవాళ్ళు. అదే పేరుతో ఫోల్డర్ ఉంటే ఫైలు పుట్టదు కదా. ఇది ఎవరు కనిపెట్టారో గానీ దండం పెట్టచ్చు. కొంత కాలానికి వైరస్‌లు ఆ ఫోల్డర్ పేరు మార్చడం నేర్చుకున్నాయి, అది వేరే సంగతి. దీనికంటే అందమైనది ఇంకోటి 2007లో వచ్చింది. పాత ఐఎన్ఐ ఫైళ్ళ బదులు రిజిస్ట్రీలో చూడు అని చెప్పే ఒక ఏర్పాటు విండోస్‌లో ఎప్పట్నుంచో ఉంది. దాంట్లో ఆటోరన్.ఐఎన్ఎఫ్ పేరు రాసి, పక్కన లేని చోటు చూపించడం. ఆ లేని చోటికి పెట్టిన పేరే "డజ్‌నాట్‌ఎగ్జిస్ట్"! ఇక ఏ డ్రైవ్‌లో ఆ ఫైలు ఉన్నా విండోస్‌కి అది ఖాళీగా కనిపిస్తుంది. విండోస్ కళ్ళకి విండోస్ గంతలే కట్టడం అన్నమాట.

బుద్ధిగా నియమం పాటించినవాళ్ళ గతి చూడండి. నోడ్రైవ్‌టైప్‌ఆటోరన్ విలువ ఎఫ్ఎఫ్ పెట్టుకోండి, అన్ని డ్రైవులకీ ఆగిపోతుంది అని మైక్రోసాఫ్ట్ పత్రాల్లోనే ఉండేది. కంపెనీల అడ్మిన్లు అలాగే పెట్టుకున్నారు. 2009 జనవరిలో అమెరికా ప్రభుత్వ యూఎస్-సర్ట్ ఒక హెచ్చరిక ఇచ్చింది: అలా పెట్టినా పూర్తిగా ఆగదు, డబుల్ క్లిక్ చేస్తే ఆ ఫైల్లో రాసింది నడుస్తూనే ఉంది అని. ఫిబ్రవరిలో దిద్దుబాటు వచ్చింది. ఆ ప్యాచ్‌లో మారింది షెల్32.డీఎల్ఎల్. అంటే అప్పటిదాకా గొళ్ళెం పెట్టామనుకున్న తలుపుకి గొళ్ళెం బొమ్మ మాత్రమే ఉంది. మా అక్క కాలేజీ ఇన్‌ఛార్జి గారు ఆ రోజు అన్నీ పద్ధతి ప్రకారం చేసి ఉన్నా కూడా ఆగేది కాదు. అందుకే ఆయన మీద నాకిప్పుడు పెద్ద కోపం లేదు. ఆ ఉత్తరం రాయించుకున్నందుకు మాత్రం ఉంది.

ఆ హెచ్చరిక ఆ నెలలోనే ఎందుకు వచ్చిందంటే కన్‌ఫికర్ వల్ల. 2008 నవంబరులో మొదలైంది, డిసెంబరు చివర వచ్చిన రెండో రకం పెన్ డ్రైవులెక్కింది. దాని ఆటోరన్.ఐఎన్ఎఫ్ తెరిస్తే ఏముండేదో తెలుసా? దాదాపు 60 కేబీల చెత్త, బైనరీ పిచ్చి గీతలు. యాంటీవైరస్ కళ్ళు కప్పడానికి. విండోస్ మాత్రం తనకి అర్థం కాని లైన్లు వదిలేసి, మధ్యలో దాక్కున్న నాలుగు లైన్లూ శ్రద్ధగా చదువుకునేది. ఐకాన్ ఎక్కడిది? షెల్32.డీఎల్ఎల్ లోంచి 4వ నంబరు, అంటే మనం రోజూ చూసే పసుపు ఫోల్డర్ బొమ్మ. మాట ఏమిటి? "ఓపెన్ ఫోల్డర్ టు వ్యూ ఫైల్స్". నడిపేది ఎవరు? రన్‌డీఎల్ఎల్32. దేన్ని? రీసైక్లర్ ఫోల్డర్లో తలాతోకా లేని పేరుతో, వీఎంఎక్స్ అనే ఎక్స్‌టెన్షన్‌తో దాక్కున్న ఒక డీఎల్ఎల్‌ని. బొమ్మ మైక్రోసాఫ్ట్‌ది, మాట మైక్రోసాఫ్ట్‌ది, నడిపించే ప్రోగ్రామూ మైక్రోసాఫ్ట్‌దే. ఆటోప్లే పెట్టెలో ఒకే వాక్యం రెండు చోట్ల కనిపించేది, పైది పురుగు, కిందది నిజం. మనుషులు పైది నొక్కేవాళ్ళు. ఎవరైనా పైదే నొక్కుతారు.

2009 అక్టోబరులో వచ్చిన విండోస్ 7 పెన్ డ్రైవులకి ఆటోరన్ పూర్తిగా తీసేసింది. పాత ఎక్స్‌పీ, విస్టాలకి అదే దిద్దుబాటు 2009 ఆగస్టులోనే తయారైనా, కావలసినవాళ్ళు వెతుక్కుని దింపుకోవాలి. విండోస్ అప్‌డేట్ ద్వారా అందరికీ పంపింది 2011 ఫిబ్రవరిలో. ఎక్స్‌పీ వచ్చిన తొమ్మిదేళ్ళ తర్వాత. పంపాక కొన్ని నెలల్లోనే ఆ రకం వైరస్‌ల బెడద సగానికి పైగా తగ్గిందని మైక్రోసాఫ్టే చెప్పుకుంది. ఆ కొన్ని నెలల్లో మనుషులేమైనా జాగ్రత్తపరులైపోయారా? లేదు కదా. ఆ 4 బిట్‌తో పోయేదానికి ఇన్నేళ్ళు "తెలియని పెన్ డ్రైవులు పెట్టకండి" అని పోస్టర్లు అంటించాం.

ఈ మధ్యలో 2010లో స్టక్స్‌నెట్ వచ్చింది. జూన్‌లో బెలారస్ వాళ్ళ వైరస్‌బ్లాక్‌అడా అనే కంపెనీ కనిపెట్టింది. ఇరాన్ నతాంజ్ కథ అందరూ చదివిందే, దాని జోలికి పోను. నాకు ముఖ్యమైంది అది మెషీన్ ఎలా ఎక్కిందన్నది. ఆటోరన్ ఆపేసినా సరే ఎక్కేది. పెన్ డ్రైవ్‌లో కొన్ని షార్ట్‌కట్ ఫైళ్ళు ఉండేవి. ఫోల్డర్ తెరిస్తే ఎక్స్‌ప్లోరర్ ఆ షార్ట్‌కట్‌లకి బొమ్మ గీయాలి కదా, బొమ్మ కోసం షెల్32 అవి చూపించిన ఫైలుని కంట్రోల్ ప్యానెల్ ముక్క అనుకుని లోడ్ చేసుకునేది. కంట్రోల్ ప్యానెల్ ముక్క అంటే డీఎల్ఎల్ కి ఇంకో పేరు. లోడ్ అయితే డీఎల్ఎల్‌మెయిన్ నడుస్తుందని ఇందాకే చెప్పుకున్నాం. అంతే. క్లిక్ లేదు, డబుల్ క్లిక్ లేదు. చూసినందుకే. 2010 ఆగస్టు 2న ప్యాచ్ ఇచ్చారు. అది పూర్తిగా మూసుకోలేదని 2015 మార్చిలో ఇంకోటి ఇచ్చారు.

ఇవన్నీ ఉద్యోగంలో చేరాక ఒక్కొక్కటీ చదువుకుంటూ పోతుంటే నాకు మాటిమాటికీ ఆ ల్యాబే గుర్తొచ్చింది. ఒకరోజు రాత్రి అక్కకి ఫోన్ చేసి ఈ కథంతా చెప్పాను. షెల్32, 91, 95 అన్నీ. అటునుంచి చాలాసేపు మాటలేదు. పాప ఏదో అడుగుతుంటే "ఉండమ్మా" అంటోంది. చివరికి "అయితే నేను నిజంగానే ఏం చెయ్యలేదన్నమాట" అంది. అక్కడే అర్థమైంది, ఇన్నేళ్ళూ తనకి కూడా అనుమానంగానే ఉందని. నేను దానికి సిద్ధంగా లేను. తర్వాత "నాన్నకి చెప్పరా" అంది.

చెప్పాను. నాన్నకి డీఎల్ఎల్ ఎలా చెప్పాలో తెలీక, ఇంటి తాళం కప్పే లోపం అక్కా, తాళం వేసినవాళ్ళది కాదు అని ఏదో చెప్పాను, తడబడి నాన్ననే అక్కా అన్నాను కూడా. అంతా విని, "అయితే ఆ ఉత్తరం మీద నేను సంతకం పెట్టక్కర్లేకపోయింది" అన్నారు.

ఇప్పుడు ఆటోరన్ లేదు. విండోస్ 11లో పెన్ డ్రైవ్ పెట్టి ఆటోరన్.ఐఎన్ఎఫ్ లో ఏం రాసినా నడవదు. కానీ 2021 నుంచీ రాస్ప్‌బెర్రీ రాబిన్ అని ఒకటి తిరుగుతోంది. పెన్ డ్రైవ్‌లో ఒకే ఒక్క షార్ట్‌కట్ ఉంటుంది, పెన్ డ్రైవ్ కంపెనీ పేరుతో. నొక్కితే విండోస్ సొంత ఎంఎస్ఐఎగ్జెక్ నెట్‌లోంచి ఒక డీఎల్ఎల్ దింపుతుంది. మళ్ళీ అదే కుటుంబం. షార్ట్‌కట్ అని చూసి తెలుసుకోవచ్చు కదా అంటారేమో. ఎక్స్‌టెన్షన్‌లన్నీ చూపించు అని ఎక్స్‌ప్లోరర్‌లో పెట్టుకున్నా సరే, షార్ట్‌కట్ ఎక్స్‌టెన్షన్ మాత్రం చూపించదు. దానికి రిజిస్ట్రీలో నెవర్‌షోఎక్స్ట్ అని విడిగా ఒక మినహాయింపు రాసిపెట్టారు. మూలన ఉన్న చిన్న బాణం గుర్తు చూసి కనిపెట్టాలి, జిరాక్స్ షాపు నుంచి హడావిడిగా వచ్చిన మనిషి.

మా ఆఫీసులో ఏటా సెక్యూరిటీ ట్రైనింగ్ ఉంటుంది. మూడో స్లైడు మీద "వీకెస్ట్ లింక్" అని, పక్కన తల పట్టుకున్న ఒక ఉద్యోగి బొమ్మ. పోయిన నెల ఒక బ్రాంచిలో ఇలాంటి షార్ట్‌కట్టే దొరికింది. నష్టమేమీ జరక్కుండా మా టూల్ ఆపేసింది. ఆ బ్రాంచి మెషీన్లలో పెన్ డ్రైవ్ చదవనివ్వాల్సిన అవసరమే లేదు, పాలసీలో అది తెరిచి ఉంది. టిక్కెట్ మూసేటప్పుడు రూట్ కాజ్ దగ్గర ఒక జాబితా వస్తుంది, అందరూ కళ్ళు మూసుకుని "యూజర్ నెగ్లిజెన్స్" ఎంచుకుంటారు. అలా ఎంచుకుంటే ఆ ఉద్యోగి మేనేజరుకి ఒక మెయిల్ వెళ్తుంది. నేను "డిఫాల్ట్ కాన్ఫిగరేషన్" ఎంచుకుని, కింద మూడు పేరాలు రాశాను. మా లీడ్ వెనక్కి పంపారు, ఆడిట్‌లో ప్రశ్నలొస్తాయని. పాలసీ మార్పుకి రిక్వెస్టు జతచేసి మళ్ళీ అదే పంపాను. నిన్న రెండోసారి తిరిగొచ్చింది. ఇవాళ పొద్దున మళ్ళీ పంపాను.